మా జిల్లా పేజీ: ఏళ్ల తరబడి చదివాక నా మాట

పేపర్ గురించి కొత్తగా చెప్పేదేముంది? నేను చెప్పేది అందులోని నెల్లూరు జిల్లా పేజీ గురించి, అందులోనూ మండలం వార్తల గురించి. సినిమాలు, ఢిల్లీ రాజకీయాలు ఫోన్‌లోనే చూసేస్తున్నా. ఎడగారుకు, అంటే మా రెండో పంటకు, సోమశిల డ్యాం నీళ్లు ఎప్పుడొదులుతారో, మా కాలువకు వంతు ఎప్పుడొస్తుందో మాత్రం నాకు ఈ పేజీలోనే దొరుకుతుంది.

దీని విలువ ఒక కోతల సీజన్లో బాగా తెలిసొచ్చింది. మా కోవూరు వైపు వడ్లు పుట్టి లెక్కన అమ్ముతాం, పుట్టికి 850 కిలోలు. ఆ ఏడు వానకు వడ్లు తడిశాయి. తేమ 17 శాతం దాటిందంటూ ఒక మిల్లు వాళ్లు పుట్టి మీద బస్తా దాకా తరుగు పట్టారు. అడిగితే "ఇష్టముంటే తోలండి, లేకుంటే ఎత్తుకుపొండి" అన్నారు. కళ్లంలో పట్టలు కప్పుకున్న వడ్లను ఎక్కడికి ఎత్తుకుపోతాం? మేమిచ్చిన అర్జీ ఆఫీసులోనే ఉండిపోయింది. ఎవరో మండల విలేకరికి ఫోన్ చేశారు. ఆయన బండేసుకొచ్చి కాటా పక్కనే నిలబడ్డాడు. కాటా మీది అంకెను, గుమాస్తా రాసిచ్చిన చీటీని ఫొటో తీశాడు. ఒకే బస్తా వడ్లకు తేమ మిషన్ రెండుసార్లు రెండు అంకెలు చూపిస్తే అదీ రాసుకున్నాడు. తెల్లారి చీటీ ఫొటోతో సహా వార్త వచ్చింది. మధ్యాహ్నానికల్లా అధికారులు వేరే మిషన్‌తో కళ్లానికొచ్చారు, తరుగు తగ్గింది. అప్పటికే తోలినవాళ్లకు పోయింది పోయినట్టే గానీ, మిగతావాళ్లం బతికిపోయాం.

1992లో మా జిల్లాలోని దూబగుంట ఊరి ఆడవాళ్లు సారా అంగడి మూయించిన సంగతి కూడా పేపర్లు రోజూ రాయబట్టే అంత దూరం పాకింది. మరుసటి ఏడు అక్టోబరులో సారా నిషేధమే వచ్చింది.

అయితే ఆ పేజీ ఇప్పుడు అలా లేదు. కరోనా తర్వాత జిల్లా మినీ, అంటే జిల్లా వార్తల చిన్న పేపర్, విడిగా రావడం ఆగింది. మండలానికి దక్కే కాస్త చోటులోనూ నాయకుల పుట్టినరోజు ప్రకటనలే ఎక్కువ. వాటిని తేవాల్సిందీ విలేకరే. ప్రకటనలిచ్చే ఒకాయన రొయ్యల గుంతల నీళ్లు పంటకాలువలో కలుస్తున్నాయని చెప్పాం, వార్త రాలేదు. విలేకరిని తప్పుపట్టలేను. అచ్చయిన లైన్ల లెక్కన ఇచ్చే డబ్బుతో ఇల్లు గడవదు. ముందు ఆయనకు సరైన జీతం ఇవ్వాలి.

పొలం ఉన్నవాళ్లయితే తెప్పించుకోండి. చెన్నైలో ఉండే మా అబ్బాయికి దీంతో పనిలేదు. నేనైతే కాలువ కింద సేద్యం చేసినన్నాళ్లూ మానను. మండలం వార్తలు ఇంకా తగ్గిస్తే మాత్రం అప్పుడు ఆలోచిస్తా.