విడి లింటెలా, చుట్టూ బెల్టా, ప్రీకాస్టా: ఏది మేలు?

గోడలు ఏడడుగులకు లేచేసరికి శ్రీకాకుళం, విజయనగరం పల్లెల్లో ప్రతి ఇంటిదగ్గరా ఇదే ప్రశ్న. పైన గోడ బరువు మోసే కాంక్రీటు దూలం, అంటే లింటెల్, గుమ్మాలు, కిటికీల మీద మట్టుకే పోయాలా, ఇంటి గోడల చుట్టూ బెల్టులా తిప్పాలా, విడిగా ముందే పోసిన ముక్క (ప్రీకాస్టు) తెచ్చి పెట్టాలా? బరువు మోయడానికైతే మూడూ సరిపోతాయి. తేల్చేది సన్‌షేడే, అంటే ఎండావానా పడకుండా లింటెల్ నుంచి బయటికి చాచే పలక.

బరువు లెక్క చూద్దాం. పైన గోడ చాలినంత ఎత్తుంటే, లింటెల్ మీద 60 డిగ్రీల త్రిభుజంలోని ఇటుకల బరువే పడుతుంది. 9 అంగుళాల గోడలో 4 అడుగుల కిటికీకి అది సుమారు 350 కిలోలు. 6 అంగుళాల మందం, కింద రెండు 10 ఎం.ఎం., పైన రెండు 8 ఎం.ఎం. రాడ్లు, 6 అంగుళాలకో రింగు ఉంటే ధారాళంగా మోస్తుంది. కానీ ఆ త్రిభుజం ఎత్తు దగ్గర దగ్గర మూడు ముప్పావు అడుగులు. పదడుగుల శ్లాబు ఇంట్లో లింటెల్ మీద మిగిలేది రెండున్నర అడుగుల గోడే. అందుకని పిల్లర్లు లేని ఇంట్లో శ్లాబు బరువూ లింటెల్ మీదికి దిగుతుంది. అక్కడ కింది రాడ్లు 12 ఎం.ఎం. వేయించండి.

ఇక సన్‌షేడ్. రెండడుగులు బయటికి వచ్చిన సన్‌షేడ్ మీటరుకు 90 కిలోల పైమాటే. రంగులేసేవాడు అంచు మీద నిలబడితే ఇంకా ఎక్కువ. అది లింటెల్‌ను బయటికి మెలిపెడుతుంది. విడి లింటెల్‌ను పట్టి ఉంచేది అటూ ఇటూ గోడలో దిగిన 6–8 అంగుళాలు, పైన గోడ బరువు, అంతే. పైన గోడ కట్టకముందే సెంట్రింగ్ (కింద ఆపిన చెక్కలు) విప్పితే సన్‌షేడ్‌తో సహా తిరగబడేది అందుకే. బెల్టయితే మూలలు చుట్టి గోడంతటినీ పట్టుకుంటుంది. 2018లో తిత్లీ తుఫాను పలాస దగ్గరే తీరం దాటింది. తుఫాను గాలికి గోడలు విడిపోకుండా కట్టి ఉంచే ఆ పట్టు ఇక్కడ దండగ కాదు. 20×30 ఇంటి బయటి గోడల్లో గుమ్మాలు, కిటికీల లింటెళ్లు ఎలాగూ 45 అడుగులు వస్తాయనుకుంటే, మిగతా 55 అడుగులకు అదనంగా పట్టేది 50 కిలోల ఇనుము, 5 బస్తాల సిమెంటు. బయటి గోడలకు నా ఓటు బెల్టుకే.

ఏది పోసినా సన్‌షేడ్ రాడ్లు పైభాగంలో ఉండాలి: 8 ఎం.ఎం., 6 అంగుళాలకొకటి, లింటెల్ లోపలికి వంచి కట్టాలి. కాంక్రీటు పోసేవాళ్లు వాటి మీద నడిస్తే అడుగుకు దిగిపోతాయి. తర్వాత గోడను ఆనుకుని సన్నటి పగులు కనిపిస్తే కారణం అదే. పోసేటప్పుడు చెక్క పలక పరిచి దాని మీదే నడవమనండి.

ప్రీకాస్టు లోపలి నాలుగున్నర అంగుళాల గోడలకు బాగు. మూడడుగుల గుమ్మానికి నాలుగడుగుల ముక్క, 50 కిలోలు, ఇద్దరు ఎత్తేస్తారు. ఆ రోజే పైన ఇటుక పేర్చవచ్చు. తలకిందులుగా పెడితే రాడ్లు పైకి పోయి విరుగుతుంది, కాబట్టి పోసిన రోజే పైభాగాన రంగు గుర్తు పెట్టండి. సన్‌షేడ్ ఉన్నచోట మాత్రం వద్దు.

రాతి పలకలు చిన్న కిటికీకి పర్వాలేదు. కర్రకు చెదలు.

దేనికైనా గోడ మీద ఆనే చోట కింద నిండు ఇటుకే ఉండాలి, ముక్కలు వద్దు. ద్వారబంధం మీద లింటెల్ ఆనించకూడదు, పావు అంగుళం సందు వదలాలి. కళింగపట్నం, భావనపాడు వైపు ఉప్పు గాలికి రాడ్ల మీద కవరు, అంటే వాటిని కప్పే కాంక్రీటు మందం, తగ్గనివ్వకండి.