సిల్వియా పినాల్ డీవీడీలు మూడు: ఏది కొనొచ్చు, ఏది అక్కర్లేదు

ముందే చెప్పేస్తున్నా, మూడూ కొనక్కర్లేదు. మెక్సికో నటి సిల్వియా పినాల్‌తో దర్శకుడు బున్యుయెల్ తీసిన విరిడియానా (1961), ది ఎక్స్‌టెర్మినేటింగ్ ఏంజెల్ (1962), సైమన్ ఆఫ్ ది డెజర్ట్ (1965) సినిమాల్ని క్రైటీరియన్ అనే అమెరికా డీవీడీ కంపెనీ వాళ్ళు విడివిడిగా డీవీడీలు వేశారు. మా బావ అమెరికా నుంచి వస్తూ తెస్తే, విజయనగరంలో మా ఇంట్లో అమ్మా నేనూ కూర్చుని చూశాం.

డీవీడీలకి ప్రాంతాన్ని బట్టి రీజియన్ అని ఒక లాక్ ఉంటుంది, అమెరికా డిస్కులు రీజియన్ 1, మనది రీజియన్ 5. మా ప్లేయర్‌లో పెడితే ఎర్రర్ చూపించి ఊరుకుంది. మూడు లాంతర్ల జంక్షన్ దగ్గర మెకానిక్ రిమోట్‌తో ఏవో అంకెలు నొక్కి లాక్ తీసేశాడు, డబ్బులిస్తే తీసుకోలేదు కూడా. అన్ని ప్లేయర్లకీ ఇలా కుదరదు, కొనేముందే కనుక్కోండి. సబ్‌టైటిల్స్ ఇంగ్లీషులోనే ఉంటాయి కాబట్టి అమ్మకి మాటమాటా నేనే తెలుగులో చెప్పాల్సొచ్చింది.

డబ్బులు ఒక్కదానికే ఉంటే విరిడియానా కొనండి. సన్యాసం పుచ్చుకోబోతున్న అమ్మాయి మామయ్య ఇంటికి వస్తుంది, ఆయన చనిపోయిన భార్య పెళ్ళిబట్టలు ఈ పిల్లకి తొడిగించి మత్తుమందిస్తాడు, తర్వాత ఆ ఇంట్లోనే ఆమె బిచ్చగాళ్ళని చేరదీస్తుంది, వాళ్ళు ఇల్లంతా ఎలా పీకి పందిరేస్తారో చూడాల్సిందే. కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో అన్నిటికన్నా పెద్ద బహుమతి, పామ్ డోర్, వచ్చిన సినిమా ఇది. వాటికన్ పత్రిక దుమ్మెత్తిపోసింది, స్పెయిన్ నియంత ఫ్రాంకో ప్రభుత్వం నిషేధించింది, అక్కడ 1977 దాకా ఆడనివ్వలేదు. ఇంత గొడవకి కారణమైన సినిమాలో పినాల్ గొంతు ఎక్కడా పెంచదు. చివర్లో చీట్లపేక బల్ల ముందు కూర్చున్నప్పుడు ఆ మొహంలో ఓడిపోయిందా, ఒప్పుకుందా అన్నది తేల్చుకోలేక రెండోసారి పెట్టుకుని చూశాను. నలుపు తెలుపు ప్రింటు శుభ్రంగా ఉంది.

ఏంజెల్ సంగతి వేరు. పెద్దింటి విందుకొచ్చిన జనం తిరిగి ఇళ్ళకి వెళ్ళలేకపోతారు, తాళం లేదు, ఎవరూ ఆపట్లేదు, అయినా గది దాటరు. మన వైపు చుట్టాలు ‘ఎల్లొస్తాం’ అని గుమ్మం దగ్గర గంట నిలబడ్డట్టే అనిపించి నేను నవ్వుతుంటే, అమ్మకి చిరాకొచ్చింది. “ఏట్రా ఇది, తలుపు తీసే ఉంది కదా, ఎల్లరేటి?” సినిమా అంతా అదే ప్రశ్న మీద నడుస్తుంది. ఇందులో పినాల్ పదిమందిలో ఒకతి, కానీ బయటపడే దారి తోచేది ఆమెకే.

సైమన్‌లో ఆవిడే సైతాను. స్తంభం మీద తపస్సు చేసే సన్నాసిని చెడగొట్టడానికి ఒకసారి బడిపిల్లలా, ఒకసారి గడ్డంతో గొర్రెలకాపరిలా వస్తుంది. భలే చేసింది, కాకపోతే సినిమా ముప్పావుగంటే, ధర మాత్రం పూర్తి డిస్కుదే!

మూడింట్లోనూ పినాల్ ఇంటర్వ్యూలున్నాయి, వాటిని దాటేయకండి. అప్పటికి పెద్దావిడ, బున్యుయెల్‌తో పనిచేసిన రోజుల గురించి మాట్లాడుతుంది. అప్పటి భర్త గుస్తావో అలాత్రిస్తే ఈ మూడింటికీ నిర్మాత, అంటే ఆవిడ పిలుపొస్తే వెళ్ళి నటించి వచ్చిన మనిషి కాదు.

నా అసంతృప్తల్లా ఒకటే. 1931లో మెక్సికోలోని గ్వాయ్‌మాస్ ఊళ్ళో పుట్టి 2024 నవంబరులో పోయిన మనిషిని ఈ డిస్కులు ఐదేళ్ళకి కుదించేస్తాయి. 1950లో కమెడియన్ టిన్ టాన్ పక్కన నటించింది, మెక్సికోలో మ్యూజికల్ నాటకాలు తనే నిర్మించింది, అక్కడి పేరున్న చిత్రకారుడు డియెగో రివేరా ఆవిడ బొమ్మ గీశాడు. మన జమున గారు 1989లో రాజమండ్రి నుంచి ఎంపీ అయినట్టే ఈవిడా 1991లో అక్కడి పార్లమెంటుకి వెళ్ళింది. మెక్సికోలో ఇంటింటికీ తెలిసిన పినాల్ మాత్రం టీవీ పినాల్. 1985లో అక్కడ వచ్చిన భూకంపం తర్వాత మొదలై 2007 దాకా సాగిన ఒక కార్యక్రమంలో ఆడవాళ్ళ నిజ జీవితపు కష్టాల్ని కథలుగా చూపించేవాళ్ళు, ముందు కూర్చుని పరిచయం చేసేది ఈవిడే. అది చెప్పగానే అమ్మ లేచి కూర్చుని “అది పెట్రా మరి” అంది. డిస్కుల్లో అది లేదు.

విరిడియానాకి ఐదుకి ఐదు, ఏంజెల్‌కి నాలుగు. సైమన్ ఎవరైనా ఇస్తే చూడండి, కొనక్కర్లేదు.