కలవరమానం ఆట పెట్టె: రెండు నెలలు ఆడాక

జనవరిలో విజయవాడ పుస్తక మహోత్సవానికి వెళ్ళినప్పుడు ఒక చిన్న స్టాల్లో ఈ ఆట పెట్టె కొన్నాను. 650 రూపాయలు. మాది సింగ్‌నగర్, ఇంట్లోనే బ్లౌజులు కుడతాను. ఆట వస్తువుకి అంత పెట్టడం మాకు ఎక్కువే. మా పెద్దాడి కోసం కొన్నాను. 2024 సెప్టెంబర్‌లో బుడమేరు వాగు నీళ్ళు ఇంట్లోకి వచ్చినప్పటి నుంచి వాడు రాత్రిళ్ళు ఉలిక్కిపడి లేస్తున్నాడు.

ఆట ఇలా ఉంటుంది. కింద పరిచే పటం పదహారు గుడ్డ ముక్కలు. ఒక్కో ముక్క ఒక్కో చోటు: బావి, మేడ మెట్లు, బడి వరండా, సంత. తిరగేస్తే వెనక ఇంకో చోటు. అదంతా కలల దేశం. వైకుంఠపాళిలో పాము ఎక్కడుందో ముందే కనబడుతుంది కదా, ఇక్కడ కాలి కింద నేలే మారిపోతుంది. ఎంత తొందరగా మారబోతోందో చెప్పేది కలవరమానం. సున్నా నుంచి ఆరు దాకా మెట్లు.

నేను మొదట, ఎదురొచ్చేది ఎంత పెద్దదైతే అంత పెద్ద నెంబరేమో అనుకున్నాను. అలా కాదు. ఈ చోటు ఇంకా ఎంతసేపు నిలుస్తుంది, వెనక్కి దారి ఉంటుందా అనేదే లెక్క. పులి ఎదురుపడినా దారి కదలకపోతే ఒకటో మెట్టే. ఇంకో కార్డులో అమ్మమ్మ నవ్వుతూ అన్నానికి పిలుస్తుంటుంది, కానీ ఆవిడ వెనక గోడ మీద రాసింది రెండోసారి చదివితే వేరేగా ఉంటుంది. అది మూడు. ఈ కార్డు తీసిన రోజు నాకే ఒళ్ళు జలదరించింది.

పెట్టెలో చెక్క పూసలు ఇచ్చారు గానీ మేం చింతపిక్కలే వాడుతున్నాం. ఒకటో మెట్టుకి ప్లేటులో 16 పిక్కలు, రెండుకి 8, మూడుకి 4, నాలుగుకి 2, ఐదుకి ఒక్కటే. అడుగు వేసిన ప్రతిసారీ ఒకటి తీసెయ్యాలి. అయిపోతే ముక్క తిరగబడుతుంది. భూకంపాల స్కేలులో ఒక్క నెంబరు పెరిగితే ఊపు పదింతలవుతుందని మావాడికి బళ్ళో చెప్పారట, "ఇక్కడ మెట్టు పెరిగితే టైము సగమమ్మా" అని వాడే పట్టుకున్నాడు. చివరి పిక్క స్టీలు ప్లేటులో అటూ ఇటూ దొర్లుతుంటే ఇల్లంతా నిశ్శబ్దం.

నాకు బాగా నచ్చింది, ప్రతి నెంబరు పక్కనా చేయాల్సిన పని రాసి ఉండటం. రెండైతే పక్కవాళ్ళ చేయి పట్టుకోవాలి. నాలుగైతే దొరికింది వదిలేసి వెనక్కి రావాలి. కృష్ణ మీద ప్రకాశం బ్యారేజీ దగ్గర 3.97 లక్షల క్యూసెక్కులకి మొదటి ప్రమాద హెచ్చరిక, 5.69 లక్షలకి రెండోది అని మా ఊళ్ళో చాలామందికి నోటికి వచ్చు. ఆ వరదలో కృష్ణ 11 లక్షలు దాటింది. మేం ఫోన్లో ఆ అంకెలే చూస్తూ కూర్చున్నాం. మా గుమ్మంలోకి వచ్చినవి బుడమేరు నీళ్ళు. వాటికి ఏ నెంబరూ మా చెవిన పడలేదు, ఏం చేయాలో కూడా తెలియలేదు. కుట్టుమిషను మంచం మీదకి ఎక్కించేసరికి మోకాళ్ళ దాకా వచ్చేశాయి.

ఆరో మెట్టు గురించి మా నాన్నగారు చెప్పాకే నాకు అర్థమైంది. ఆయనది బందరు. పోర్టులో ఎగరేసే తుఫాను నెంబర్లలో పదకొండు అంటే పదికన్నా పెద్ద గాలి అని కాదట, వాతావరణ కేంద్రంతో కబురు తెగిపోయిందని అర్థమట. ఈ ఆటలో ఆరూ అంతే. ఇక కొలవలేం అని. అప్పుడు ఆట ఆపి, చుట్టూ కూర్చున్నవాళ్ళు ఒకరినొకరు పేరుతో పిలుచుకోవాలి.

మొన్న ఆదివారం సంత ముక్క మీద నాలుగో మెట్టు పడింది. మా పాపకి అప్పుడే తాళంచెవి దొరికింది, వదలనంటోంది. "చెల్లీ, రెండే పిక్కలున్నాయి, వదిలెయ్, వచ్చెయ్!" అని వీడు నిజంగానే కేకేశాడు. అది ఏడుస్తూ వదిలేసి వచ్చింది. ఆ తర్వాత తన వంతు కూడా దానికే ఇచ్చాడు.

లోపాలూ ఉన్నాయి. మూడో మెట్టు, నాలుగో మెట్టు కార్డుల రంగులు ట్యూబులైటు కింద ఒకేలా కనబడుతున్నాయి, నేను నాలుగో మెట్టు కార్డుల అంచుకి ఎర్ర దారం కుట్టాను. పుస్తకంలో "అస్థిరత" అని ఉన్న ప్రతిచోటా మా పాప ఆగిపోతోంది, "ఊగిసలాట" అని రాస్తే సరిపోయేది. అట్టపెట్టె మూలలు నెలలోపే చిరిగిపోయాయి. ఐదో మెట్టులో కల లోపలే నిద్ర లేచినట్టు అనిపించే కార్డులున్నాయి, చిన్నపిల్లలున్న ఇంట్లో వాటిని తీసి పక్కన పెట్టండి. రాత్రి పడుకోబోయే ముందు మాత్రం ఆడించకండి, మేం సాయంత్రం ఆరులోపే ముగిస్తాం.

మావాడు ఇప్పటికీ కొన్ని రాత్రులు లేస్తున్నాడు. ఇదివరకు ఏమైందని అడిగితే నోరు విప్పేవాడు కాదు. ఇప్పుడు పొద్దున్న పళ్ళు తోముకుంటూ తనే చెబుతున్నాడు: "నిన్న మూడమ్మా. మేడ మెట్ల మీద ఆగాను, నువ్వు పైనే ఉన్నావు."