పిడుగా, తుఫానా? మాంత్రికుల సంఘానికి ఏ శక్తి ఇవ్వాలి

గాలివానను పట్టి మంత్రశక్తిగా మార్చే సంఘం గురించి కథ రాయాలంటే ముందు తేల్చుకోవాల్సింది ఇదే.

శక్తి: ఒక పిడుగులో సుమారు 100 కోట్ల జౌళ్లు. కరెంటు మీటరు లెక్కలో 280 యూనిట్లే, అందులోనూ చాలాభాగం వేడిగా, వెలుగుగా, ఉరుముగా పోతుంది. తుఫాను రోజుల తరబడి ఇస్తూనే ఉంటుంది.

శ్రమ: పిడుగుకు ఎత్తైన రాగి స్తంభం, దాని కింద కాచుకునే మనిషి చాలు. తుఫాను పుట్టాలంటే సముద్రం దాదాపు 26.5 డిగ్రీలు దాటి వేడెక్కాలి. అలాంటి చోటికి వెళ్లి దానికోసం కాచుకోవాలంటే ఓడలు, పెద్ద సంఘం, ఓపిక కావాలి.

ప్రమాదం: పిడుగు ఒకరిద్దరిని కాలుస్తుంది. మొవ్వు మాడి మొండిగా నిలబడ్డ తాటిచెట్టును చూసినవాళ్లకు వర్ణన వెతుక్కోనక్కర్లేదు. తుఫాను ఊళ్లనే తీసుకెళ్తుంది. 1977 దివిసీమ ఉప్పెనలో వేలమంది పోయారు. అలాంటి శక్తిని వాడుకునే సంఘం ఆ చావులకు జవాబు చెప్పి తీరాలి. ఇది వదిలేసిన కథ నాకు నచ్చదు.

ఒక్క శిష్యుడి చిన్న కథైతే పిడుగే మేలు. ఉరుముకి ‘అర్జునా ఫల్గుణా’ అని గొణుక్కునే పిల్లాడితో మొదలుపెట్టొచ్చు. తరాలు నడిచే నవలైతే తుఫానే. నేల మీదికి రాగానే అది నీరసిస్తుంది కాబట్టి మాంత్రికుల బలానికి హద్దు కూడా దొరుకుతుంది.