బేలూరులో గండభేరుండం, హాసన్‌లో నల్లులు

కర్ణాటకలోని బేలూరు తప్పకుండా వెళ్లండి. కానీ ఫోనులో నాలుగు అందమైన ఫోటోలు చూసి మాలాగా హాసన్‌లో గదికి ముందే డబ్బు కట్టేయకండి.

అసలు ఈ ప్రయాణం నా పట్టుదల వల్లే జరిగింది. గండభేరుండం అంటే కథల్లోని రెండు తలల పక్షి. బేలూరు గుడి మీద చెక్కిన దాన్ని చూడాలన్నది నా చిన్ననాటి కోరిక. అమ్మమ్మ చెప్పిన కథలో రాకుమారుడు మర్రిచెట్టు కింద నడుం వాలుస్తాడు. పైన గూట్లో పక్షిపిల్లలు కీచుకీచుమంటాయి. చూస్తే మానును చుట్టుకుంటూ ఒక పాము ఎక్కుతుంటుంది. అతను దాన్ని నరికేస్తాడు. సాయంత్రం మేత తెచ్చిన గండభేరుండం అతన్ని వీపు మీద ఎక్కించుకుని ఏడు సముద్రాలు దాటిస్తుంది. ఏ తలతో తింటుందని అడిగితే అమ్మమ్మ కసిరి పడుకోబెట్టేది.

హైదరాబాదు నుంచి బెంగళూరుకు బస్సు, అక్కడి నుంచి హాసన్‌కు రైలు. ఏ ఇబ్బందీ లేదు.

లాడ్జీతోనే మొదలైంది. నలుగురికి గది అని స్పష్టంగా రాసి, రాత్రికి 1,850 చొప్పున రెండు రాత్రులకు ముందే కట్టాను. తీరా వెళితే గదిలో ఉన్నవి రెండే మంచాలు. నేల మీద వేసుకునే పరుపుకు 350 అన్నాడు కౌంటరులో మనిషి, తలెత్తకుండానే. వేడినీళ్లు ఇరవై నాలుగు గంటలూ వస్తాయన్నది కూడా అబద్ధమే. ఉదయం ఆరు నుంచి ఏడున్నర వరకే వస్తాయట. ఆ తర్వాత బకెట్టుకు 30. ఇవన్నీ సర్దుకోవచ్చు. రాత్రి పదకొండుకు మామయ్యగారు లేచి కూర్చుని, వీపు గోక్కుంటూ, ‘దీపం వేయమ్మా’ అన్నారు. దిండు కుట్టు వెంబడి గోధుమరంగు గింజల్లా వరసగా నల్లులు! ఒకదాన్ని నలిపితే మా రక్తమే గోడకు అంటింది. దుప్పటి మార్చమంటే మడత విప్పి, తిరగేసి, మళ్లీ అదే పరిచి వెళ్లాడు కుర్రాడు. డబ్బు వెనక్కి ఇవ్వరట. మావారు నన్ను ఒక్క మాట అనలేదు. అనకపోవడమే నాకు ఎక్కువ బాధ.

మర్నాడు బస్సులో బేలూరు చేరడానికి గంటకు పైగా పట్టింది. అక్కడి చెన్నకేశవాలయం విష్ణువు గుడి, హొయసల రాజు విష్ణువర్ధనుడు కట్టించినది. 1117లో ప్రతిష్ఠ జరిగింది. గుడి నక్షత్రాకారపు అరుగు మీద ఉంటుంది. చెప్పులు కింద వదలాలి, పది దాటితే రాయి కాలుతుంది. మేజోళ్లు తీసుకెళ్లండి. మేము తీసుకెళ్లలేదు.

500కు మాట్లాడుకున్న గైడు నలభై నిమిషాల్లో ముగించాలని ముందే నిర్ణయించుకుని వచ్చినట్లున్నాడు. అద్దం చూసుకునే మదనిక అనే స్త్రీ శిల్పం దగ్గర పది నిమిషాలు నిలబెట్టాడు. గండభేరుండం ఎక్కడ అంటే, ‘అదేమీ ముఖ్యం కాదమ్మా’ అన్నాడు. ముఖ్యం కాకపోతే రెండు రాష్ట్రాలు దాటి, నల్లుల చేత కుట్టించుకుని నేనెందుకు వచ్చినట్లు? నేను కదలనని గ్రహించాక బయటి గోడ మీద వేలు పెట్టి చూపించాడు.

నేను ఊహించుకున్నంత పెద్దది కాదు. విజయనగర రాజు అచ్యుతదేవరాయల నాణెం మీద ఈ పక్షి ముక్కులతో, గోళ్లతో ఏనుగులను ఎత్తుకుపోతుంది కదా, అంతటి ఆకారం మనసులో ఉండిపోయింది. ఇక్కడ అది ఒక వరసలో చివరిది. ఆ వరసే అసలు విశేషం. జింకను కొండచిలువ పట్టింది. కొండచిలువను ఏనుగు ఎత్తింది. ఏనుగు మీదికి సింహం దూకింది. సింహాన్ని శరభమనే పురాణ మృగం తింటోంది. ఆ శరభాన్ని గండభేరుండం మట్టుబెడుతోంది. అడవిలో ఉన్నవి నాలుగు, లేనివి రెండు. కానీ శిల్పి ఉలికి ఆ తేడా తెలియదు. జింక కాలి ఎముక ఎంత నిజమో శరభం పంజా అంతే నిజం. సింహాన్ని మించిన మృగం లేదని అక్కడితో ఆపలేదు. సింహానికీ ఒక భయం ఉండాలి కదా!

మామయ్యగారు శివభక్తులు. నరసింహుణ్ణి శాంతింపజేయడానికి శివుడు శరభమైతే, ఆ శరభాన్ని అణచడానికి విష్ణువే గండభేరుండమయ్యాడని వైష్ణవులు అన్నారని ఆయనే చెప్పారు. ‘వాళ్ల గుడిలో వాళ్ల పక్షే గెలుస్తుంది’ అని ముఖం తిప్పుకున్నారు.

మా అబ్బాయి, ‘మరి గండభేరుండాన్ని ఎవరు తింటారు?’ అన్నాడు. ‘ఎవరూ తినరు, పదండి’ అన్నాడు గైడు.

హళేబీడు 16 కిలోమీటర్లు. ఆటోకు రానూపోనూ 800. అక్కడిది శివాలయం, కనుక మామయ్యగారి కోపం పోయింది. గోడ పొడవునా ఏనుగు తొండం, నెమలి తోక ఉన్న మకరాలు బారులు తీరి ఉంటాయి. వీటిని చూడాలంటే గైడు అక్కరలేదు. దారిలో తిన్న అక్కిరొట్టె అనే బియ్యప్పిండి రొట్టె, పక్కన కొబ్బరి పచ్చడి ఈ ప్రయాణంలో మాకు న్యాయంగా దొరికిన ఒకే ఒక్క వస్తువు. నలుగురికి కలిపి 240.

డబ్బు పోతుందని రెండో రాత్రీ అదే గదిలో ఉన్నాం. పరుపులు వదిలేసి నేల మీద తువ్వాళ్లు పరుచుకున్నాం. మా అబ్బాయి నిద్ర పట్టక కథ చెప్పమంటే అమ్మమ్మ కథే చెప్పాను. పాము చెట్టెక్కే చోట వాడు లేచి కూర్చున్నాడు.

‘అమ్మా, పాము ఆ వరసలో కింద నుంచి రెండోది కదా. పైనున్నదాని పిల్లలను ఇదే తింటుందా?’

గోడవైపు తిరిగి పడుకున్న మావారు రెండు రోజుల్లో మొదటిసారి నవ్వారు. ‘ఆ గైడుకు ఇచ్చిన 500 వీడికి ఇవ్వు’ అన్నారు.