హువాంగ్‌షాన్‌లో గది తీసుకునే ముందు

చైనాలోని అన్‌హువే ప్రావిన్స్ దక్షిణ కొసన హువాంగ్‌షాన్ అనే పేరు మూడింటికి ఉంది. మొదటిది మనమందరం చూడాలనుకునే పర్వతం. రెండోది ఆ పర్వతం పేరే పెట్టుకున్న నగరం. మూడోది ఆ నగరం కిందికి వచ్చే ఒక ‘చ్యూ’, అంటే పట్టణ విభాగం. నగరం అంటే హైదరాబాద్‌లా వరుసగా ఇళ్లు ఉంటాయనుకోకూడదు. దాదాపు 9,800 చదరపు కిలోమీటర్ల విస్తీర్ణంలో 3 చ్యూలు, 4 కౌంటీలు కలిసిన పాలనా ప్రాంతం అది. మన లెక్కలో పెద్ద జిల్లా. అందుకే చిరునామాలో పెద్ద పేరు వదిలేసి, చివర ఉన్న చిన్న పేరు చూడండి.

అక్కడ తున్‌షీ అని ఉంటే నగర కేంద్రంలో దిగుతారు. కొండ దిగువకు ఇంకా గంట ప్రయాణం. తాంగ్‌కౌ అని ఉంటే కొండ పాదం దగ్గరే. తాంగ్‌కౌలో చూడటానికేమీ లేదు, భోజనమూ అంతంతమాత్రం. కానీ సొంత వాహనాలు అక్కడే ఆగిపోతాయి, రోప్‌వే దాకా పర్యాటక బస్సులోనే వెళ్లాలి. తొలి బస్సు అందుకోవాలంటే ముందు రాత్రి అక్కడే పడుకోవడం మంచిది.

కొండ పైన హోటళ్లలో గదులు ఇరుకు, అద్దె ఎక్కువ. అయినా ఒక రాత్రి ఉండాల్సిందే అంటాను. దారిలో ఆ హోటళ్లకు సరుకు మోసే కూలీలు వెదురు కావడికి ఒకవైపు కూరగాయలు, మరోవైపు నీళ్ల సీసాలు కట్టుకుని ఎక్కుతూ కనిపిస్తారు. ఊపిరి తీసుకోవడానికి ఆగినప్పుడు చేతికర్రను కావడి కింద ఊతంగా నిలబెడతారు, బరువు నేల మీద దించరు. అది చూశాక పైన భోజనం ధర ఎక్కువని గొణగాలనిపించలేదు.

ఈ ప్రాంతం పాత పేరు హుయ్‌జౌ. అన్‌హువే అనే పేరులో రెండో సగం దాన్నుంచే వచ్చింది. 1987లో పర్యాటకం కోసం ఆ పేరు తీసేసి నగరానికి పర్వతం పేరు పెట్టారు. హుయ్‌జౌ ఇప్పుడు ఒక చిన్న చ్యూకి మిగిలింది. పాత హుయ్‌జౌ కోట ఉన్నది మాత్రం ఆ చ్యూలో కాదు, పక్కనున్న షె కౌంటీలో! వందల ఏళ్లు వర్తకులకు పేరు తెచ్చిన ఊరిపేరును అలా పక్కన పెట్టడం నాకు అన్యాయంగానే తోచింది.

యీ కౌంటీలోని హోంగ్‌త్సున్ అనే పాత గ్రామంలో బస చేస్తే సాయంత్రం టూరిస్టు బస్సులు వెళ్లిపోయాక ఊరు మీ సొంతమవుతుంది. గుమ్మాల ముందు సన్నని కాలువల్లో నీళ్లు పారుతుంటాయి. బుక్ చేసే ముందు విదేశీ పాస్‌పోర్టు నమోదు చేసుకుంటారో లేదో అడగండి. ఒక ఇంట్లో తమకు ఆ పని తెలియదని నన్ను వెనక్కి పంపారు.

తున్‌షీ పాత వీధిలో శాకాహారులకు పెనం మీద వేయించే బూజు టోఫు (బూజు పట్టించిన సోయా పనీర్) దొరుకుతుంది. నువ్వులద్దిన చిన్న రొట్టెల్లో మాత్రం పంది కొవ్వు ఉంటుంది. టీ కొంటే పాత పేర్లే అడగండి. తైపింగ్ కౌంటీ హువాంగ్‌షాన్ చ్యూ అయి చాలా ఏళ్లయినా, అక్కడి పొడవాటి ఆకు టీని ఇప్పటికీ ‘తైపింగ్ హౌక్వే’ అనే అమ్ముతారు.