మెడ ఆపరేషన్ తర్వాత మిగిలిన బాధలకు తిరుపతిలో తొమ్మిది వారాల ఫిజియోథెరపీ

మెడలో ఐదు, ఆరు ఎముకల మధ్య పాడైన డిస్కును గొంతు ముందువైపు నుంచి తీసివేసి, ఆ ఖాళీలో కేజ్ అనే చిన్న దిమ్మ పెట్టి, టైటానియం ప్లేటును స్క్రూలతో బిగించి 14 నెలలైంది. భుజం నుంచి చేతిలోకి దిగే సలుపు ఆపరేషన్ అయిన రెండో రోజుకే పోయింది గానీ, వేళ్ల తిమ్మిరి, మెడ బిగుతు, మింగేటప్పుడు గొంతులో అడ్డు మాత్రం మిగిలాయి. వాటి కోసమే ఎయిర్ బైపాస్ రోడ్డు వైపున్న ఒక ఫిజియోథెరపీ కేంద్రానికి వారానికి మూడు పూటల చొప్పున తొమ్మిది వారాలు వెళ్లాను.

అక్కడి పెద్ద థెరపిస్టు మొదటి రోజు నా మెడను ముట్టుకోలేదు. ఎక్స్‌రేలు చూసి, నన్ను కళ్లు మూసుకోమని, దూదితో ఒక్కొక్క వేలినీ తాకుతూ ఏ వేలో చెప్పమన్నారు. కుడి బొటనవేలు, చూపుడువేలు దగ్గర తప్పాను. చొక్కా గుండీ ఆ రెండు వేళ్ల మధ్య ఉందో జారిపోయిందో కంటితో చూస్తే గాని తెలియని స్థితి నాది. నొక్కుడు పడిన నరం ఆ వేళ్లకే వెళ్తుందనీ, దెబ్బతిన్న నరం తిరిగి పెరిగినా రోజుకు సుమారు ఒక మిల్లీమీటరే పెరుగుతుందనీ, ఎక్కువ కాలం నలిగిన నరం పూర్తిగా కోలుకోకపోవచ్చనీ దాపరికం లేకుండా చెప్పారు.

మింగడం సంగతి వేరు. మాది సంగటి తినే ఇల్లు. నమలకుండా పులుసులో అద్దుకుని మింగే ఆ ముద్ద ఇప్పటికీ గొంతులో ఒక్క క్షణం ఆగి దిగుతుంది. ఆపరేషన్‌లో అన్నవాహికను పక్కకు జరపడం వల్ల వచ్చే ఈ ఇబ్బంది చాలామందికి కొన్ని వారాల్లోనో నెలల్లోనో తగ్గుతుందనీ, ఏడాది దాటినా ఉంటే తన పరిధిలోది కాదనీ చెప్పి, నన్ను తిరిగి సర్జన్ వద్దకు పంపారు. ఫీజు పోగొట్టుకునే మాట చెప్పే చోటును నేను నమ్ముతాను.

నాలుగో పూట మాత్రం ఆయన లేరు. సహాయకుడొకడు నా ఫైలు తెరవకుండానే గడ్డం కింద పట్టీ తగిలించి ట్రాక్షన్ యంత్రం వైపు చెయ్యి చాపాడు. స్క్రూలు బిగించిన మెడను సర్జన్ మాట లేకుండా యంత్రంతో లాగకూడదని గట్టిగా చెబితే, "అందరికీ పెట్టేదే సార్" అన్నాడు. లేచి వచ్చేశాను. మర్నాడు థెరపిస్టు క్షమాపణ చెప్పి, ఫైలు అట్ట మీద ఎర్ర సిరాతో హెచ్చరిక రాయించారు. కేంద్రం పేరు రాయకపోవడానికి కారణం ఇదే: రాస్తే ఈ ఒక్క పూటే అందరికీ గుర్తుంటుంది, మిగతా తొమ్మిది వారాల పనితనం పోతుంది.

ఆ పనితనం చిన్నది కాదు. నుదుటికి అరచెయ్యి ఆనించి, తల కదలకుండా పది అంకెలు లెక్కపెట్టేవరకు నొక్కడం, భుజాల వెనుక ఎముకలను దగ్గరకు తేవడం వంటివే ప్రధానంగా చేయించారు. తల పక్కకు తిరగకపోవడానికి ప్లేటే కారణమని నేను అనుకునేవాణ్ణి. మెడ తిప్పడంలో దాదాపు సగం పైనున్న మొదటి రెండు ఎముకల మధ్యే జరుగుతుందనీ, నన్ను ఆపుతున్నది బిగుసుకున్న కండరాలూ, కాస్త భయమూ అనీ ఆయన వివరించారు. ఇప్పుడు లీలామహల్ సర్కిల్‌లో స్కూటర్ మీద ఒళ్లంతా తిప్పకుండానే వెనక్కి చూడగలుగుతున్నాను. తిమ్మిరి మాత్రం అంతగా తగ్గలేదు.

ఆపరేషన్‌తో ఒకటిగా అతికిన ఆ రెండు ఎముకల పైనా కిందా ఉన్న డిస్కుల మీద బరువు పెరుగుతుందనీ, నడక తూలినా, చేతిలోని వస్తువులు జారిపోతున్నా, మూత్రం పట్టు తప్పినా వ్యాయామం ఆపి ఆ రోజే ఆసుపత్రికి వెళ్లాలనీ కాగితం మీద రాసిచ్చారు. ఆపరేషన్ చేసిన చోట ఈ కాగితం ఎవరూ ఇవ్వలేదు.

పూటకు 400 రూపాయలు. ఇరవై పూటలకు ముందే కట్టించుకుంటారు, మధ్యలో మానేస్తే తిరిగి ఇవ్వరు, రసీదు అడిగితేనే రాస్తారు. కేంద్రం మొదటి అంతస్తులో ఉంది, లిఫ్టు లేదు. మెడ నొప్పి ఉన్నవాళ్లు కూర్చోవడానికి తల ఆనని ప్లాస్టిక్ కుర్చీలు వేశారు. వెళ్లేవారు పాత ఎక్స్‌రేలు, డిశ్చార్జి కాగితాలు వెంట తీసుకుని, ముందుగా ఫోన్ చేసి, ఆ పెద్ద థెరపిస్టు ఉన్న పూటే వెళ్లండి.